పదివేల ఏళ్ళుగా పెండింగులో ఉన్న పోటీ

ఉజున్‌బెత్ కొండవాలు మీద గడ్డీగాదమూ నడుపుతున్న పోటీకి నలభై అయిదు రోజుల్లోగా ఫలితం ప్రకటించి తీరతామని పచ్చిక బయళ్ళ సంస్కరణల శాఖ ఉపమంత్రి తాష్తాన్‌బెక్ గారు జూన్ రెండో మంగళవారం నాడు, తివాచీలు పరిచిన లారీ మీద నిలబడి, మైకులో ప్రకటించారు. ఒక పోటీ పదివేల ఏళ్ళుగా జరుగుతూ ఉండటం, గెలిచిందెవరో ఓడిందెవరో ఇంతవరకూ తేలకపోవడం గత ప్రభుత్వాల నిర్లక్ష్యానికి పరాకాష్ఠ అన్నారు. గత ప్రభుత్వాల్లో రెండింటికి వారే ఉపమంత్రి గనక ఆ నిర్లక్ష్యం సంగతి వారికి దగ్గరగా తెలుసు. జనం చప్పట్లు కొట్టారు. గొర్రెలు మేత ఆపలేదు.

ఇంతటి ఆలోచన వారికి ఎలా తట్టిందో చెప్పగలిగిన మనిషి ఆ జనంలో ఒక్కతే ఉంది. ఆమె పేరు కెంజెకాన్. వాలు పాదం దగ్గర వృక్ష పరిశోధన కేంద్రం అని ఒకటుంది. రెండు గదులు, ఒక రేకుల వసారా. దానికి శాస్త్రవేత్తా, గుమాస్తా, వాచ్‌మనూ అన్నీ ఆమే, కాపురం కూడా అందులోనే. ఏటా జూన్ నెలలో మీటరు పొడవూ మీటరు వెడల్పూ ఉన్న చెక్క చట్రం భుజాన వేసుకుని వాలెక్కుతుంది. గుర్తుపెట్టిన చోట దాన్ని పరిచి, లోపల ఏ మొక్క ఎంత ఉందో పుస్తకంలో రాసుకుంటుంది. ఇలా ఇరవై ఆరేళ్ళు గడిచాయి. ఆమెకు జీతం ఎందుకిస్తున్నారో రాజధానిలో ఎవరికీ గుర్తులేదు. గుర్తు చేయకుండా ఆమె జాగ్రత్తపడుతూ వచ్చింది.

సోమవారం నాడు ఆ జాగ్రత్త చెడింది. ఉపమంత్రిగారు పరాయిదేశంలో 'పోటీతత్వం' అనే విషయం మీద మూడు వారాల ట్రెయినింగు పూర్తిచేసుకుని వచ్చి నాలుగు రోజులు కూడా కాలేదు. సర్టిఫికెట్ ఇంకా కారు వెనక సీట్లోనే ఉంది. వెంట సెక్షన్ ఆఫీసరు కల్మాత్ ఉన్నాడు. ముప్ఫై ఏళ్ళ సర్వీసులో ఒక్క కాగితం పోగొట్టని మనిషి. కెంజెకాన్ వాళ్ళకు కిమిజ్ పోసి, గుర్రప్పాలు బాగా పులిశాయో లేదో అని నొచ్చుకుని, ఆ తరువాత వాలెక్కించి చట్రం చూపించింది.

"చట్రంలో ఉన్నవన్నీ లెక్కకి వస్తాయండీ, నలభై ఒక్క రకాలు," అంది.

"ఒక్క మీటరులోనా? ఇన్‌ఛార్జి ఎవరు?"

ఎవరూ లేరని చెప్పింది. నీళ్ళకోసం, వెలుతురుకోసం, కాస్త చోటుకోసం ఇవన్నీ పోటీ పడుతుంటాయని చెప్పింది. ఆ ఒక్క మాట అనకుండా ఉంటే బాగుండేదని తరువాత ఆమె చాలాసార్లు అనుకుంది. ఉపమంత్రిగారి ముఖం వెలిగింది.

"పోటీ ఉందన్నమాట. ఎవరు ముందున్నారు?"

"ఒక్కో ఏడు ఒక్కోటండీ. వానలు లేని ఏడు వేరు లోతుకి దిగినది పెరుగుతుంది. తడి ఏడు పైపైన తాగేది పెరుగుతుంది. అందుకే ఏదీ పోదు."

"ఎప్పట్నుంచీ?"

"మంచు వెనక్కి వెళ్ళినప్పట్నుంచీ. పదివేల ఏళ్ళనుకోండి."

"పదివేల ఏళ్ళలో ఒక్కరూ ఓడిపోలేదా?" అన్నారు ఉపమంత్రిగారు. ఆ గొంతులో కోపం లేదు. బాధ ఉంది. "కల్మాత్, రాసుకో. కుమ్మక్కయ్యారు."

కల్మాత్ రాసుకున్నాడు. ఆ తరువాత ఉపమంత్రిగారు ఫోటో తీయించుకుంటూ, సైంటిస్టు కూడా చట్రంలో నిలబడితే చూడ్డానికి బాగుంటుందన్నారు. ఇరవై ఆరేళ్ళలో కెంజెకాన్ ఆ చట్రంలో అడుగుపెట్టలేదు. వద్దండీ అంది. పెద్దవారు మళ్ళీ అడిగారు. చివరికి ఒక్క కాలు, అదీ మునివేళ్ళ మీద, లోపల పెట్టి నిలుచుంది. ఏ మొక్క నలిగిందోనని ఆమె ప్రాణం ఉసూరుమంది. కిందికి దిగుతుంటే కల్మాత్ తన పుస్తకంలో నలభై రెండు అని రాసి ఉండటం కనబడింది. ఒకటి ఎక్కువ లెక్కపెట్టాడు పాపం, కొత్తవాళ్ళకు మామూలే అనుకుంది. ఆఫీసరు లెక్క దిద్దడం బాగుండదని ఊరుకుంది.

మర్నాడే లారీ మీది ప్రకటన. ఓడిన మొక్కలను తొలగించడానికి అయిదు నాగళ్ళ ట్రాక్టరు కూడా అదే రోజు వచ్చింది. దానికి రిబ్బను కట్టి, దుమ్ము పడకుండా టార్పాలిన్ కప్పి, పరిశోధన కేంద్రం పక్కనే నిలబెట్టారు. గెలిచిన ఒక్క మొక్క విత్తనం తప్ప వాలు మీద ఇంకేమీ ఉండదని ఉపమంత్రిగారు హామీ ఇచ్చారు. కింద ఉన్న ముప్ఫై రెండు ఇళ్ళవాళ్ళు ఆ వాలు మీద కోసిన ఎండుగడ్డితోనే ఆరు నెలల మంచు దాటిస్తారు. మేత కమిటీ అధ్యక్షుడు జాపార్, రెండు వందల గొర్రెలున్న మనిషి, టోపీ చేత్తో పట్టుకుని లారీ దగ్గరికి వెళ్ళాడు. ఆ వాలుని నాగలితో తిప్పితే వసంతంలో మంచు కరిగేటప్పుడు మట్టంతా ఊరి మీదికి దిగుతుంది సార్ అని విన్నవించాడు. జారిపడిన మట్టికి వేరే శాఖ ఉందని, వారి పరిధిలోకి తాము వెళ్ళడం మర్యాద కాదని ఉపమంత్రిగారు ఓపిగ్గా వివరించారు. తామూ కల్మాతూ గాక మూడో జడ్జీగా జాపార్ని వేశారు. అంత గౌరవం వచ్చాక మాట్లాడటం కష్టం కదా, జాపార్ టోపీ పెట్టుకుని వెనక్కి వచ్చేశాడు.

"అక్కా, వీళ్ళకి పోటీ సంగతి చెప్పిందెవరు?" అని అడిగాడు కెంజెకాన్‌ని.

ఆమె చట్రం తీసి వసారాలో గోడకి ఆనించింది. ఆ రోజు ఆమెకు అన్నం సయించలేదు.

పోటీ న్యాయంగా జరగాలని ప్రతి మొక్కకూ ఒక అప్లికేషను అచ్చు వేయించారు. పేరు, ఎత్తు, ఉపయోగం, పూసే నెల, సిఫారసు చేసినవారు అని అయిదు గడులు. మొక్కలకు చదువు రాదు గనక నింపే పని కెంజెకాన్‌కి పడింది. నలభై ఒక్క అప్లికేషన్లు, మూడేసి కాపీలు. సిఫారసు గడి అన్నింటికీ ఖాళీగా ఉండటం చూసి కల్మాత్ కళ్ళజోడు తీసి తుడుచుకున్నాడు. తన సర్వీసులో ఇలాంటి దిక్కులేని అభ్యర్థులను చూడలేదన్నాడు.

మొదటి రౌండు ఎత్తు. రెండో రౌండు ఉపయోగం. దీనికి జాపార్ మందలోంచి ఇరవై గొర్రెలను లబ్ధిదారుల ప్రతినిధులుగా పిలిపించారు. ఈ రౌండులో చిన్న ఇబ్బంది వచ్చింది. మొదటి ర్యాంకు వచ్చిన గడ్డిని, రెండో ర్యాంకు వచ్చిన గడ్డిని, మూడో ర్యాంకుని ప్రతినిధులు ఫలితాలు ప్రకటించేలోపే తినేశారు. రుచిగా ఉండటం అభ్యర్థి వైపు నుంచి జరిగిన లోపమని జడ్జీలు తేల్చారు. జాపార్ ఒక్కడే చేయెత్తలేదు, అదీ సమయానికి తుమ్ము వచ్చిందని మినిట్స్‌లో రాశారు.

మూడో రౌండు ఇంటర్వ్యూ. వాలు మీద మూడు కుర్చీలు వేసుకుని జడ్జీలు కూర్చున్నారు. మొక్కల తరఫున కెంజెకాన్ నిలబడింది. గిలక్కాయ మొక్క దగ్గర కొంత చర్చ జరిగింది. అది జానెడు ఎత్తుంటుంది, పసుపు పువ్వు, కాయ ఎండితే లోపల గింజలు గలగలమంటాయి.

"ఇది ఏం పని చేస్తుంది?"

"పక్క గడ్డి వేరుకి నోరు పెట్టి తాగుతుందండీ. సొంతంగా పెద్దగా సంపాదించదు."

జాపార్ మళ్ళీ తుమ్మబోయాడు. ఉపమంత్రిగారు మాత్రం ముందుకి వంగి శ్రద్ధగా విన్నారు. కెంజెకాన్ ధైర్యం తెచ్చుకుని చెప్పుకుపోయింది. పొడుగు గడ్డి బలాన్ని ఇది లాగేస్తూ ఉండబట్టే కింద ఉన్న చిన్నవాటికి వెలుతురు అందుతోందని, ఇది లేకపోతే నాలుగేళ్ళలో పొడుగుదొక్కటే మిగులుతుందని చెప్పింది.

"అంటే పర్యవేక్షణ," అన్నారు ఉపమంత్రిగారు. "అనుభవం ఎంత?"

"చాలా ఉందండీ."

మార్కులు బాగానే వేశారు.

ఇంత పరీక్షించి, ఆఖరికి గుర్రపుచెవిని గెలిపించారు. గొర్రెల దొడ్ల దగ్గర, పేడ కుప్పల పక్కన వెడల్పాకులు వేసుకుని మనిషి నడుమెత్తు పెరిగే మొక్క అది. ఏ పశువూ నోటపెట్టదు. ఎత్తులో మొదటిది. ప్రతినిధులు ముట్టుకోలేదు గనక రెండో రౌండులో పూర్తిగా హాజరైన ఏకైక అభ్యర్థి. ఎవరూ తినలేనిదే అసలైన నాయకత్వం అని ఉపమంత్రిగారు అన్న మాట పేపర్లో పెట్టె కట్టి వేశారు. మిగతా నలభై మొక్కలకూ నోటీసులు తయారయ్యాయి. పదిహేను రోజుల్లో వేళ్ళతో సహా స్థలం ఖాళీ చేయాలని రాసి, ఒక్కో పుల్లకి గుచ్చి, వాలంతా పాతారు. గాలి వస్తే కాగితాలన్నీ ఒకేసారి రెపరెపలాడేవి.

గుర్రపుచెవికి సన్మానం ఆదివారం పెట్టారు. పెద్ద గుడారం వేశారు, గొర్రెను కోశారు, బుట్టల నిండా బోర్సోక్ రొట్టెముక్కలు నూనెలో వేయించారు. మొక్కను వేళ్ళతో తవ్వి, బకెట్లో పెట్టి, గుమ్మానికి ఎదురుగా పెద్దలు కూర్చునే చోట మెత్తల మీద ఉంచారు. ముఖ్య అతిథికి పెట్టే గొర్రె తల దాని ముందు పెట్టారు. ఉపమంత్రిగారు దానికి సన్మానంగా పెట్టబోయే తెల్ల ఉన్ని టోపీ రెండు చేతులతో పట్టుకుని లేచారు. బయట ట్రాక్టరు డ్రైవరు రిబ్బను సరిచేస్తున్నాడు. తెల్లవారితే సోమవారం, నోటీసుల గడువు తీరి ట్రాక్టరు కదిలే రోజు. కెంజెకాన్ తలుపు దగ్గర కూర్చుని ఉంది. ఏదో ఒకటి అనాలి, ఏమనాలో తెలియదు. బకెట్లో ఉన్నదాన్ని చూసింది, టోపీ చూసింది, పెద్దల వరసలో కూర్చున్న ఒరుంబాయ్ తాతను చూసింది. తాతకు ఎనభై నాలుగేళ్ళు. జిల్లాలో ఎవరి ఇంట పెళ్ళయినా చావయినా వంశం చదివేది ఆయనే. వంశం ఉన్నవాళ్ళకు చదువుతాడు, లేనివాళ్ళకు సమకూరుస్తాడు.

"ఉపమంత్రిగారూ," అంది కెంజెకాన్ లేచి నిలబడి. "ఏడు తరాలు చెప్పించకుండా టోపీ పెట్టడం మన ఆచారం కాదు కదండీ."

గుడారంలో నమలడం ఆగిపోయింది. ఆ మాట నిజమే. కొత్త మనిషి కనిపిస్తే ఎవరి కొడుకువి, ఎవరి మనవడివి అని ఏడుగురు తాతల దాకా అడగకుండా అక్కడ టీ కూడా పొయ్యరు. అలాంటిది గెలిచినవాడిని అడగటం మర్చిపోయారు. తలలన్నీ ఒరుంబాయ్ తాత వైపు తిరిగాయి. తాత బకెట్‌ని కిందినుంచి పైదాకా చూశాడు.

"దీనికి తండ్రి పేరే తెలీదు," అన్నాడు. "పేడకుప్ప దగ్గర దొరికింది."

ఎవరో కిసుక్కున నవ్వారు. ఉపమంత్రిగారు టోపీ మడిచి జేబులో పెట్టుకున్నారు. గొర్రె తల మెల్లగా కల్మాత్ ముందుకి జరిగింది. చిన్న బుర్రలైతే ఇక్కడే చేతులెత్తేసేవి. ఉపమంత్రిగారు అక్కడికక్కడే కొత్త రూలు ప్రకటించారు. చట్రంలో లెక్కకు వచ్చిన ప్రతి ఒక్కరూ ఏడు తరాల పత్రం దాఖలు చేయాలి. గడువు పోటీ ప్రకటించిన ముప్ఫయ్యో రోజు సాయంత్రం అయిదు గంటలు. చూపలేనివాళ్ళను తొలగిస్తారు, చూపగలిగినవాళ్ళలో విజేతను తేలుస్తారు. ట్రాక్టరు ఆగింది. బయటికి వచ్చాక జాపార్ కెంజెకాన్ భుజం తట్టి, బతికించావక్కా, నీ బుర్రే బుర్ర అన్నాడు. ఆమెకు చాలాకాలం తరువాత ఆకలేసింది.

ఆ మర్నాటి నుంచి ఆమె ఒరుంబాయ్ తాత గుడారంలో కూర్చుంది. తాత చెప్పడం, ఆమె రాయడం. మొక్కల సంగతులు ముందు ఆమెనే చెప్పమన్నాడు, వంశం అతకాలి కదా అన్నాడు. అడవి ఉల్లి మంచు కరగ్గానే లేచి, మిగతావి కళ్ళు తెరిచేలోపు పూసి పడుకుంటుందని ఆమె చెప్పింది. ఈకల గడ్డి లోపలి నీళ్ళు తాగుతుంది, మూడాకుల గడ్డి పైతడితో సరిపెట్టుకుంటుంది, వాము వాసన వేసే చిన్నది రాతి పగుళ్ళలో ఇమిడిపోతుంది అని చెప్పింది. తాత గడ్డం నిమురుకుంటూ విన్నాడు.

"ఒక పొయ్యి, ఏడుగురు కోడళ్ళు," అన్నాడు. "ఒకతె తెల్లారకముందు వండుకుంటుంది, ఒకతె అందరూ తిన్నాక. మా ఇంట్లో ఇంతేగా."

అసలు పని ఆ తరువాత మొదలయింది. ఉపమంత్రిగారి తల్లి ఏ లోయ మనిషి, తెగలోని కుడి ఎడమ రెక్కల్లో కల్మాత్ భార్య పుట్టిల్లు ఏ రెక్క, శాఖ సెక్రటరీగారి తాత ఎక్కడ గొర్రెలు కాశాడు అని తాత గుర్తు చేసుకునేవాడు. కుడి రెక్క వంశాలకు ఇరవై మొక్కలు, ఎడమ రెక్క వంశాలకు ఇరవై మొక్కలు పంచాడు. అడవి ఉల్లి ఒక ముత్తవ్వ వలసలో సంచీలోంచి జారవిడిచినదట. ఈకల గడ్డి ఒక వీరుడి గుర్రం జూలులో వచ్చిందట. ఏ మొక్కను పీకినా ఏదో ఒక ఆఫీసులో ఎవరికో ఒకరికి నొప్పి పుట్టేలా తాత కుట్టుకుంటూ పోయాడు. గుర్రపుచెవిని కూడా వదల్లేదు. అది మిగిలిపోయింది, దానికీ ప్రాణమే కదా అని, అసలు మంత్రిగారి పూర్వీకుల గుర్రపుశాల వెనక దానికో తండ్రిని వెతికిపెట్టాడు.

నలభై ఒకటో పత్రం అయ్యాక తాత సిరాబుడ్డి కుదిపి చూశాడు.

"సిరా ఇంకా ఉంది. నీ ఏడుగురి పేర్లు చెప్పు, రాసేద్దాం."

కెంజెకాన్ నవ్వింది. రైల్వే స్టేషన్ బెంచీ మీద దొరికిన పిల్ల ఆమె. పట్నంలో పిల్లల హాస్టల్లో పెరిగింది. వరసలో ఆఖరున నిలబడేదని అక్కడి వంటమనిషి, ఆఖరిది అని అర్థం వచ్చే ఆ పేరు పెట్టింది. ఏ ఫారంలోనైనా తండ్రి పేరు దగ్గర హాస్టలు వార్డెను పేరు రాస్తూ ఇంత దూరం వచ్చింది.

"నేను పోటీలో లేనుగా తాతా," అంది.

"అడిగితే పోయేదేముంది. ఏడుగురిని నేనిస్తాను, మంచివాళ్ళని చూసి."

"వద్దులే, పత్రాలకే టైము చాలదు," అని కాగితాలన్నీ గుడ్డలో చుట్టుకుని లేచింది. గడువుకి ఒక పూట ముందే కల్మాత్‌కి అప్పజెప్పి రసీదు తీసుకుంది.

పత్రాలు రాజధాని చేరిన తరువాత శాఖలో ఇదివరకెన్నడూ లేని కదలిక వచ్చింది. సెక్రటరీగారు స్వయంగా ఫోను చేసి మా ఈకల గడ్డికి నీళ్ళు అందుతున్నాయా అని అడిగారు. కల్మాత్ వాలెక్కి, వాము వాసన మొక్క ముందు వంగి, బావమరిదిని చూసినట్టు మొహమాటంగా నవ్వాడు. ఉపమంత్రిగారు గిలక్కాయ పత్రం మూడుసార్లు చదివించుకున్నారు.

"ఇది మా మేనమామల వంశమా?"

"వేలు విడిచిన మేనమామ అవుతారు సార్," అన్నాడు ఒరుంబాయ్ తాత.

"ఇంటర్వ్యూలోనే అనుకున్నాను, ఎక్కడో చూసిన పోలిక," అన్నారు ఉపమంత్రిగారు. వాలు మీది నోటీసులన్నీ పీకించేశారు. పుల్లలు లాగేటప్పుడు వేళ్ళు తెగకుండా చూడమని కూలీలకు చెప్పారు. ఇంతటి సున్నితత్వం ఉన్న నాయకులు అరుదని ఇక్కడ చెప్పుకోవాలి.

నలభై అయిదో రోజు పొద్దున కెంజెకాన్ పూల అంచున్న తలగుడ్డ కట్టుకుంది. ముప్ఫై రెండు ఇళ్ళవాళ్ళూ వచ్చారు. వాలు నిండుగా, రంగు రంగులుగా ఉంది. కొన్ని గింజ పట్టాయి, కొన్ని ఇప్పుడే పూస్తున్నాయి. గండం గడిచిందని ఆమెకు గట్టిగా తెలుసు, కానీ వాళ్ళ నోట వినాలని ఉంది. లారీ మీద మళ్ళీ తివాచీలు పరిచారు.

ఉపమంత్రిగారు విజేతలను ప్రకటించారు. ఒకరు కాదు, నలభై ఒకరు. నలభై ఒక్క మొక్కలూ సంయుక్తంగా ప్రథమ స్థానం. వాలు వాలుగానే ఉంటుంది, గడ్డి ఎప్పటిలాగే కోసుకోవచ్చు. చప్పట్లు ఆగలేదు. ముసలమ్మలు ఏడ్చారు. కెంజెకాన్ కూడా ఏడ్చింది, తలగుడ్డ కొసతో ముక్కు తుడుచుకుంది. ఆ తరువాత కల్మాత్ ముందుకి వచ్చి రిపోర్టు చదివాడు. రిపోర్టు నమూనాలో 'తొలగించినవి' అని ఒక గడి ఉంది, అందులో సున్నా రాస్తే పోటీ జరగనట్టే లెక్క, ట్రాక్టరు ఎందుకు తెప్పించారని అడుగుతారు అని ముందుగా జనానికి వివరించాడు.

"పాల్గొన్నవారు నలభై రెండు. ఏడు తరాలు చూపినవారు నలభై ఒకటి. చూపలేనివారు ఒకటి."

"నలభై ఒకటేనండీ," అంది కెంజెకాన్ కిందినుంచి. "మీరు మొదట్లోనే ఒకటి ఎక్కువ రాశారు. అప్పుడే చెప్పాల్సింది."

"ఎక్కువ రాయలేదమ్మా. చట్రంలో ఉన్నవన్నీ లెక్కకి వస్తాయని మీరేగా చెప్పారు."

కల్మాత్ ఫైలు తెరిచి ఫోటో చూపించాడు. ఉపమంత్రిగారు నవ్వుతున్నారు. చట్రం లోపల, గడ్డి మధ్య, మునివేళ్ళ మీద ఒక కాలు ఉంది.

ఒరుంబాయ్ తాత కర్ర పట్టుకుని లేచాడు. అది నా మనవరాలు, ఏడు కాదు, పధ్నాలుగు తరాలు ఇప్పుడే చెబుతా రాసుకోండి అన్నాడు. గడువు అయిపోయి పదిహేను రోజులయిందని కల్మాత్ విచారంగా చెప్పాడు. ఉపమంత్రిగారు లారీ దిగి వచ్చి కెంజెకాన్ చేయి రెండు చేతులా పట్టుకున్నారు. ఏడు తరాల ఆచారం అందరూ మర్చిపోయినప్పుడు గుర్తుచేసింది మీరే, ఆ మేలు శాఖ మరువదు అన్నారు. వారి కళ్ళలో నిజంగానే తడి ఉంది.

నోటీసు పుల్లకి గుచ్చి, పరిశోధన కేంద్రం గుమ్మం పక్కన పాతారు. మొక్కల కోసం అచ్చు వేసినదే, మిగిలిపోయింది. రెండు గదులూ వసారా వేళ్ళతో సహా ఖాళీ చేయాలి. జడ్జీలు ముగ్గురి సంతకాలూ ఉన్నాయి. జాపార్ దగ్గర సన్మానం నాడే ఖాళీ కాగితం మీద సంతకం తీసుకున్నారు. అతను టోపీ చేత్తో పట్టుకుని ఆమె దగ్గరికి వచ్చాడు. సిగ్గుతో అతని చెవులు ఎర్రబడ్డాయి.

"అక్కా," అన్నాడు. "గడ్డి మిగిలింది."

కెంజెకాన్ వాలు వైపు చూసింది. ఇరవై ఆరు జూన్‌లు ఆమె ఎక్కిన దారి పైదాకా కనిపిస్తోంది.

"మిగిలింది," అంది. "కోత ఇంకో పది రోజులు ఆపండి. గిలక్కాయ గింజ రాలాలి. లేకపోతే వచ్చే ఏడు ఉండదు."

సరేనని అతను తలూపాడు. ఆమె వంగి నోటీసు చదివింది, అప్లికేషన్లో ఉన్న ఆ అయిదు గడులే, అలవాటు కొద్దీ ప్రతి గడీ వరసగా. పేరు: కెంజెకాన్. ఎత్తు: మీటరు యాభై నాలుగు. ఉపయోగం: లెక్కపెట్టును. సిఫారసు చేసినవారు: ఎవరూ లేరు. మధ్యలో ఒక గడి ఖాళీగా ఉంది. ఇది నింపలేదేమండీ అని కల్మాత్‌ని అడిగింది. పూసే నెల ఎవరికీ తెలియలేదని, అది లేకుండా ఫైలు మూయడం కుదరడం లేదని అతను నిజాయితీగా ఒప్పుకున్నాడు.

"జూన్ అని రాసుకోండి," అంది కెంజెకాన్.

కల్మాత్ మోకాలి మీద ఫైలు పెట్టుకుని, జూన్ అని రాశాడు. ట్రాక్టరు డ్రైవరు టార్పాలిన్ విప్పి, నాలుగు మడతలు పెట్టి, సీటు కింద సర్దుకున్నాడు.